గర్భాశయమున సున్నపు చుక్కలు

శ్రావణ శుక్రవారపు పేరంటము ముగిసినది. వచ్చిన ముత్తైదువలందఱును వాయనములు గైకొని వెడలిపోయిరి. మా వీధి చివరి యింటి కోడలు మాత్రము కదలక, సెనగల పొట్లము చేతబట్టుకొని గుమ్మము చెంత నిలిచియుండెను. నే నామెను లోనికి బిలిచి కూర్చుండబెట్టితిని. కొంతసేపటికి ఆమె సంచిలోనుండి మడతపెట్టిన కాగిత మొకటి తీసి నా చేతి కిచ్చి, "పిన్నిగారూ! ఇందేమి వ్రాసియున్నదో నాకు దెలియజెప్పరా? ఇంటిలో నడుగుటకు భయముగా నున్నది" అనెను.

అది స్కానింగు చేసినవా రిచ్చిన కాగితము. గర్భాశయపు లోపొరయందు సున్నపు చుక్కలు కానవచ్చుచున్నవని దాని సారాంశము. ఆమెకు 27 ఏండ్లు. పెండ్లియై ఆఱేండ్లు గడచినను బిడ్డలు లేరు.

ఆ కాగితము వచ్చిన నాటినుండి ఆమె పడిన యవస్థ వినిన యెవరికైనను జాలి కలుగకమానదు. సున్నమను మాట చెవిని బడగానే అత్తగారు, "తిన్న సున్నమంతయు కడుపున బేరుకొన్నది" అని పాలు, పెరుగు, రాగిజావ మానిపించిరి, తాంబూలము ముట్టనీయలేదు. పెద్దాడుబిడ్డ, "నాకు ముప్పదియైదవ యేటనే కోశము తీసివేసిరి. నీవును తీయించుకొనుము, పీడ విరగడయగును" అని హితవు చెప్పినది. చుట్టమువలన వచ్చిన ముసలమ్మ యొకతె, "కడుపున ఱాయి పడినది, ఇక కాయ కాచునా? పిల్లవానికి వేఱు సంబంధము చూచుకొనుడు" అనినది. భార్య జీవించియుండగా రెండవ పెండ్లి 1955 నాటి హిందూ వివాహ చట్టముచే చెల్లదనియు, అది శిక్షింపదగిన నేరమనియు ఆ ముసలమ్మకు దెలియదు. కాని అట్టి మాట వినిన పిల్లకు రాత్రులందు నిద్ర యెట్లు పట్టును?

మఱునాడు నేనును, ఆ పిల్లయు, ఆమె యత్తగారును గలిసి మే మెఱిగిన వైద్యురాలి యొద్దకు బోతిమి. అచట వినిన విషయములను, పిమ్మట నేను చదివి తెలిసికొనిన విషయములను జేర్చి సోదరీమణుల కొఱకు ఇచట వ్రాయుచున్నాను. ఇట్టి కాగితము చేతికి వచ్చిన స్త్రీ మఱియొకతె యేదో యింట నిట్లే దాచుకొని కుములుచుండవచ్చును గదా!

లోపొర యనగా నేమి?

గర్భాశయము తలక్రిందుగా నుంచిన జామపండు వంటిది. బిడ్డలేని సమయమున దాని పొడవు 7, 8 సెంటీమీటర్లకు మించదు. దాని గోడకు మూడు పొరలు గలవు. వెలుపల పలుచని పొర. నడుమ దళసరియైన కండ. లోపల మెత్తని, రక్తనాళములతో నిండిన లోపొర. పిండము వచ్చి నాటుకొనునది ఈ లోపొరయందే.

మట్టియింటి గోడను మనము అలుకుట గలదు. పాత పూత రాలిపోగా క్రొత్త పూత పెట్టుదుము. లోపొరయు నట్టిదే. బహిష్టు ముగిసిన దినములలో అది కొలది మిల్లీమీటర్ల మందము మాత్రమే యుండి, పిమ్మట దినదినమును బెరిగి, మరల బహిష్టు కాబోవు నాటికి 10 మొదలు 16 మిల్లీమీటర్ల వఱకును దళసరి యగును. గర్భము నిలువనిచో ఆ పై పూత రాలి రక్తముతో వెడలిపోవును.

అటులైన నెలనెలకు రాలిపోవు పొరయందు సున్న మెట్లు నిలుచునని చదువరులు ప్రశ్నింపవచ్చును. పూత రాలినను గోడకంటియున్న మొదటి పూత రాలదు. లోపొరయొక్క అడుగుభాగ మట్లే నిలిచియుండును. దానినుండియే మరల క్రొత్తపొర చిగుర్చును. సున్నపు చుక్కలు సాధారణముగా నాటుకొనునది ఈ రాలని యడుగుభాగమునందును, దాని క్రింది కండయందును. ఎముక తునుకవంటి పెద్ద వస్తువైనచో గర్భాశయపు కుహరమునందే చిక్కుకొని యుండును.

సున్న మెచ్చటినుండి వచ్చును?

మనము తాంబూలమున రాచుకొను సున్నము, ఎముకలలోని గట్టిదనము, ముత్యపు చిప్ప, కోడిగ్రుడ్డు పెంకు, వీనియన్నిటియందును గల మూలపదార్థము కాల్షియము. మన పెద్దలు దీనికి ఖటికమని పేరిడిరి. పెద్దవారి శరీరమున సుమారొక కిలోగ్రాము కాల్షియము గలదు. అందు నూటికి 99 పాళ్లు ఎముకలయందును, దంతములయందును నుండును. మిగిలిన యొక్క పాలు రక్తమునందును, కండరములు మొదలైనవానియందును నున్నది.

రక్తములోని కాల్షియమునకు దేహము కఠినమైన కట్టుబాటు పెట్టుకొన్నది. ప్రతి 100 మిల్లీలీటర్ల రక్తమునందును అది సుమారు 9 మొదలు 10 మిల్లీగ్రాముల వఱకే యుండును. మెడయందలి చిన్న గ్రంథులు నాలుగు, డి విటమిను, మూత్రపిండములు దీనిని కాచుచుండును. ఎక్కువ తినిన నాడు ఎక్కువై, తక్కువ తినిన నాడు తక్కువగుట లేదు. తినినది మిగిలినచో మలమూత్రములందు బోవును. చాలనిచో ఎముకలనుండి తీసికొనబడును.

ఇక మెత్తని యవయవములలో సున్నము చేరుట రెండు విధములు. మూత్రపిండముల వ్యాధివలనగాని, మెడగ్రంథుల వికారమువలనగాని రక్తములోని కాల్షియము, ఫాస్ఫేటుల కట్టుబాటు తప్పినచో నది పెక్కు తావులందు చేరుట యొకటి. రక్తమున నంతయు సరిగానే యుండి, దెబ్బతినిన చోట మాత్రము చేరుట రెండవది. గర్భాశయమున సాధారణముగా గనబడునది ఈ రెండవదియే. కణములు నశించునపుడు వాని పొరలనుండి ఫాస్ఫేటు వెలువడును. లోనికి జొచ్చిన కాల్షియముతో నది కలిసి గట్టిపడి, సన్నని స్ఫటికములగును. ఊపిరితిత్తులలో మానిన క్షయ పుండుపై సున్నము చేరుటయు నిట్లే.

కావున ఈ చుక్కలు తిండివలన వచ్చినవి కావు. అవి పాత గాయపు గుర్తులు. పాలు మానినందున కరుగవు, రాగిజావ త్రాగినందున బెరుగవు. పోకచెక్కయు, పొగాకును నోటికి హాని చేయునవి గనుక తాంబూలము మానుట నోటికి మంచిదే. గర్భాశయమునకు మాత్రము దానితో సంబంధము లేదు. స్త్రీకి దినమునకు 1000 మిల్లీగ్రాముల కాల్షియము కావలెననియు, పాలిచ్చు తల్లికి 1200 కావలెననియు భారత వైద్య పరిశోధన మండలి 2020 లో నిర్ణయించినది. గర్భిణులకు నాలుగవ నెలనుండి కాల్షియము మాత్ర లిచ్చుటయు నందులకే. సున్నమను భయముచే వానిని మానుకొనిన తల్లి తన యెముకలనే బిడ్డకు ధారవోయవలసి వచ్చును.

చుక్కలకు గల కారణములు

కారణ మొక్కటి కాదు. భయపడనక్కఱలేనివి కొన్ని, వైద్యము చేయదగినవి కొన్ని, ఆలస్యము చేయరానివి కొన్ని గలవు.

మొదటిది, పాత గాయపు మచ్చ. గర్భస్రావమైన పిమ్మట గర్భాశయమును శుభ్రపఱచుటవలనను, పరీక్షకై పొర తీయుటవలనను, లోపొరయు కండయు గలియుచోట చిన్నచిన్న సున్నపు చుక్కలు నిలువవచ్చును. ఇవి కొన్ని మిల్లీమీటర్లకు మించవు, నొప్పి పెట్టవు. పెక్కుమందిలో నివి వేఱొక కారణముచే స్కానింగు చేయునపుడు కనబడునవే. వీనికి మందు లేదు, అవసరమును లేదు.

రెండవది, ఎముక. వినుటకు వింతగా నుండును గాని యిది సత్యము. పిండమునకు మూడవ నెల నాటికే యెముకలు గట్టిపడ మొదలిడును. నాలుగవ నెలయందో, అటు పిమ్మటనో గర్భము పోయినపుడు సన్నని యెముక తునుక లోపల నిలిచిపోయిన యెడల, అది యేండ్ల తరబడి యచటనే యుండగలదు. మఱికొందఱిలో పిండపు టెముక లేకయే, గర్భస్రావము తరువాతి వాపువలన లోపొరయందలి కణములే యెముకగా మారును. అట్టి యెముకను తీసి డీ.ఎన్.ఏ. పరీక్ష చేయగా కొందఱిలో నది తల్లి దేహమునకు సంబంధించినదేయని తేలినది. ఎముక యేవిధముగా వచ్చినను, అది లోపల నున్నంతకాలము సంతాన నిరోధమునకై పెట్టు లూపువలెనే పనిచేసి పిండమును నాటుకొననీయదు. కొందఱికి ముట్టునొప్పియు, అధికస్రావమును గూడ నుండును. కొందఱి కే బాధయు నుండదు.

మూడవది, క్షయ. క్షయ యనగా దగ్గు, ఊపిరితిత్తులు అనియే మనము తలంతుము. రాబర్టు కాకు 1882 లో కనుగొనిన ఆ సూక్ష్మజీవి రక్తమార్గమున గర్భనాళములకును, అచటనుండి లోపొరకును జేరగలదు. మన దేశమున సంతానహీనతకు నిదియొక ముఖ్య కారణము. దగ్గు లేకపోవచ్చును, జ్వరము లేకపోవచ్చును. ముట్టు తగ్గిపోవుటయో, బిడ్డలు కలుగకుండుటయో తప్ప వేఱు జాడ యుండకపోవచ్చును. దీనివలన సున్నము ఎక్కువగా గర్భనాళములయందును, చుట్టుపట్ల గ్రంథులయందును కానవచ్చును. ఒక్కొక్కపుడు లోపొరయందును చేరును.

నాలుగవది, మఱచిపోయిన లూపు. మన దేశమున 1965 లో లూపు ప్రచారములోనికి వచ్చినది. తరువాత రాగితీగ చుట్టిన కాపర్-టీ వచ్చినది. ఇవి చిరకాలము లోపల నున్నచో వానిపై సున్నపు పెచ్చు కట్టును. 380-ఏ అను కాపర్-టీ పదేండ్ల వఱకును పనిచేయును. 375 అనునది అయిదేండ్లే. పెట్టించుకొనిన తేది వ్రాసియుంచుకొనక, ముట్లుడిగిన పిమ్మటను దానిని మఱచియుండు స్త్రీలు గలరు.

అయిదవది, లోపొరది కాక పొరుగువారి సున్నము. గర్భాశయపు కండలో బెరుగు ఫైబ్రాయిడు కంతులు ముట్లుడిగిన పిమ్మట రక్తము చాలక యెండి సున్నము పట్టుట సామాన్యము. వృద్ధాప్యమున, ముఖ్యముగా మధుమేహము, రక్తపు పోటు చిరకాలముగా నున్నవారిలో గర్భాశయపు వెలుపలి కండయందలి రక్తనాళములకును సున్నము పట్టును. కాగితమున గర్భాశయము, సున్నము అను రెండుమాటలే చూచి తొందరపడక, ఏ పొరయందున్నదో చదివించుకొనవలెను.

ఆఱవది, ముట్లుడిగిన పిమ్మటి రక్తస్రావముతో గూడిన చుక్కలు. లోపొరయందు బుట్టు కొన్ని పిలకలయందును, అరుదుగా గొన్ని జాతుల పుట్టకుఱుపులయందును ఇసుక రేణువులవంటి సున్నపు గుండ్లు కనబడును. ఇచట ముఖ్యమైన గుర్తు సున్నము కాదు, రక్తము. ముట్లుడిగి యొక సంవత్సరము గడచిన పిమ్మట ఒక్క చుక్క రక్తము కనబడినను వెంటనే చూపించుకొనవలెను. అట్లు వచ్చినవారిలో పదింట తొమ్మండుగురకు కాన్సరు కాదు. కాని ఆ పదవ యామె ఆలస్యము చేసినచో ప్రాణముమీదికి వచ్చును, త్వరగా వచ్చినచో సాధారణముగా నయమగును.

ఇది క్రొత్తగా వచ్చిన వ్యాధియా?

కాదు. గ్రీకు వైద్యుడు హిప్పోక్రటీసు పేరిట నిలిచిన ప్రాచీన గ్రంథములలో లారిస్సా పట్టణపు దాసి యొకతె వృత్తాంతము గలదు. ఆమెకు యౌవనమున భర్తృసంగమ సమయమునందు మిక్కిలి నొప్పి గలిగెడిది. ఎన్నడును గర్భము నిలువలేదు. అఱువదవ యేట ఒకనాడు ప్రసవవేదన వంటి నొప్పులు పుట్టెను. గర్భాశయ ద్వారమున గరుకుగా నేదియో తగులగా, మఱియొక స్త్రీ చేయిపెట్టి కదురుబిల్ల యంత గరుకుఱాతిని వెలుపలికి దీసెను. ఆమె అప్పుడే స్వస్థురాలై పిమ్మట సుఖముగా నుండెనట.

అది సున్నము పట్టిన కంతియై యుండునని నేటివారు తలంతురు. ఆ గ్రంథమున ఆమె యజమానురాలి పేరు వ్రాయబడియున్నది. ఆమె పేరు లేదు. రెండువేల నాలుగువందల యేండ్లకు బూర్వము ఆ దాసి యౌవనమంతయు మోసిన నొప్పిని, గొడ్రాలను పేరును దలచుకొనిన, నా యెదుట నిలిచిన మా వీధి కోడలే జ్ఞప్తికి వచ్చినది.

చూచుట యెట్లు?

ఆ దాసికి లేని యుపకరణములు నేడు మనకు గలవు. చెవికి వినబడని ధ్వనితరంగములను కడుపులోనికి బంపి, అవి తిరిగివచ్చు తీరునుబట్టి లోపలి రూపమును జూచుటయే అల్ట్రాసౌండు స్కానింగు. గ్లాస్గో నగరమున ఇయన్ డోనాల్డు అను వైద్యుడు తన సహచరులతో గూడి 1958 లో స్త్రీల కడుపులోని కంతులను, పిండమును ఈ విధముగా జూచుటను బ్రకటించెను. సున్నము ధ్వనిని త్రిప్పికొట్టును. అందుచే తెఱమీద నది తెల్లని చుక్కగా మెఱయును. పెద్దదైనచో దాని వెనుక నల్లని నీడ పడును. యోనిమార్గమున చేయు స్కానింగులో నిది మఱింత స్పష్టముగా దెలియును.

కాని తెల్లగా మెఱయునదెల్ల సున్నము కాదు. గాలిబుడగయు, గడ్డకట్టిన రక్తమును, కాపర్-టీయు నట్లే కనబడగలవు. సందేహమున్నచో హిస్టరోస్కోపు అను సన్నని గొట్టమును గర్భాశయద్వారమున బంపి కంటితో జూచెదరు. 1869 లో పాంటలియోనీ అను వైద్యుడు అఱువదేండ్ల స్త్రీ యొకతెకు రక్తస్రావము మానకుండగా ఇట్టి గొట్టముతో లోపల జూచి, పిలకను కనుగొని మందు పెట్టెను. నాటినుండి నేటికి ఆ గొట్టము సన్నమై, వెలుగు పెరిగి, చూచుటయే కాక చిన్న పట్టకారుతో తీయుటకును వీలైనది.

వైద్యము

బాధ లేక, సంతానపు చింత లేక, పాత మచ్చలే యున్నచో నేమియు చేయనక్కఱలేదు. ఎముక తునుక యున్నచో హిస్టరోస్కోపుతో జూచుచు దానిని తీసివేయుదురు. సాధారణముగా అదే దినమున ఇంటికి బోవచ్చును. వేఱు దోషము లేనివారిలో పెక్కుమందికి ఆ తరువాత గర్భము నిలుచుట చూడబడినది. అయితే చూడకుండ గీకుట మంచిది కాదు. గట్టిగా గీకినచో గోడలు రెండును అంటుకొని ముట్టే నిలిచిపోవచ్చును. ఈ వికారమును 1948 లో జోసెఫు ఆషర్మాను వివరించెను; నేటికిని దానికి ఆయన పేరే వాడుచున్నారు.

క్షయయని సందేహమున్నచో పొరలో కొంత తీసి పరీక్షింపవలెను. ఇచట సోదరీమణు లెఱుగవలసిన చిన్న విషయ మొకటి గలదు. తీసిన ముక్క నంతయు ఫార్మలీనులో వేసినచో సూక్ష్మజీవులు చచ్చిపోవును. పిమ్మట వానిని పెంచి చూచుటకు వీలులేదు. కావున ఒక భాగమును ఫార్మలీనులోను, మఱియొక భాగమును ఉప్పునీటిలోను పంపుదురు. పరీక్షకు ముందే యీ మాట వైద్యురాలి నడుగుట తప్పు కాదు. క్షయ నిర్ధారణమైనచో మందులు సాధారణముగా ఆఱు నెలలు వాడవలెను. ప్రభుత్వ వైద్యశాలలయందు ఉచితముగా నిత్తురు. నడుమ మానరాదు. సూక్ష్మజీవి చచ్చినను, అప్పటికే మూసికొనిపోయిన నాళములు తెఱచుకొనకపోవచ్చును. అందుచే త్వరగా గనుగొనుటయే మేలు.

కోశము తీసివేయుట

పెద్దాడుబిడ్డ చెప్పిన సలహాను గుఱించి రెండు మాటలు వ్రాయక తీఱదు. 2015–16 నాటి జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో, 15 మొదలు 49 ఏండ్ల లోపు స్త్రీలలో గర్భాశయము తీయించుకొనినవారు దేశము మొత్తముమీద నూటికి 3.2 మంది యుండగా, ఆంధ్రప్రదేశమున 8.9 మందియు, తెలంగాణమున 7.7 మందియు నుండిరి. దేశమంతటిలో మనమే ముందు! మన స్త్రీలకే యధిక వ్యాధులు గలవని దీని యర్థము కాదు. తెల్లబట్టయని, నడుమునొప్పియని, స్కానింగులో నేదో కనబడినదని, కాన్సరు రాగలదని బెదరించి తీయుటయు, బిడ్డలు కలిగినారు గదా యిక దానితో పనియేమని తీయించుకొనుటయు మన పల్లెలలో వాడుకయైనది. అనవసరముగా నిట్లు తీయుటను అరికట్టు మార్గదర్శకములను అమలు చేయవలెనని 2023 లో భారత సర్వోన్నత న్యాయస్థానము రాష్ట్రముల నాజ్ఞాపించినది.

కాన్సరు, ఆగని రక్తస్రావము, ప్రసవకాలపు ఆపద మొదలైనవానియందు ఆ శస్త్రము ప్రాణదాయకమే. కాని సున్నపు చుక్క దానికి కారణము కాదు. కోశముతో గూడ అండాశయములను దీసినచో ముప్పదియైదేండ్లకే ముట్లుడిగిన స్థితి వచ్చి, ఎముకలలోని కాల్షియము త్వరత్వరగా దఱిగిపోవును. గర్భాశయమున సున్నము కనబడినదని బయలుదేఱి, ఎముకలలోని సున్నమును బోగొట్టుకొనుట యెంతటి యవివేకము!

దాపరికము

మరల మా వీధి కోడలి సంగతికి వత్తును. వైద్యురాలు కాగితము చూచి, "అమ్మాయీ, ఇదివఱ కెప్పుడైన గర్భము పోయినదా?" అని యడిగినది. ఆ పిల్ల అత్తగారి ముఖమువైపు జూచి, "లేదండీ" అనెను. వైద్యురాలు మఱి మాటాడక, మమ్ము నిరువురను వెలుపల కూర్చుండుడని చెప్పి తలుపు వేసినది.

పావుగంటకు తలుపు తెఱచిరి. ఆ పిల్ల కన్నులు తుడిచికొనుచుండెను. ఆమె యప్పుడు వైద్యురాలితో చెప్పినది, పిమ్మట నాకును జెప్పినది ఇది. పెండ్లియైన రెండవ యేట ఆమెయు, భర్తయు ఉద్యోగరీత్యా దూరపు పట్టణమున నుండిరి. నాలుగవ నెలలో గర్భము పోయినది. ఒక చిన్న వైద్యశాలలో శుభ్రపఱచి మఱునాడే పంపివేసిరి. కాగితములు సైతము చేతి కీయలేదు. తొలిచూలు నిలువలేదనిన అమ్మ బాధపడునని, కోడలిని తప్పుపట్టునని భర్త వలదనెను. ఇరువురును ఆ మాటను మూటగట్టి దాచిరి. ఆ పిమ్మట నాలుగేండ్లు ఎందఱో వైద్యులకు జూపిరి. అందఱి యెదుటను "గర్భము రాలేదు" అనియే చెప్పిరి. దాచిన మాటయందే రోగపు తాళపుచెవి యున్నదని వారి కెట్లు తెలియును?

సోదరీమణులారా! వైద్యురాలి యెదుట దాపరికము కూడదు. పోయిన గర్భములు, తీయించుకొనిన గర్భములు, లూపు పెట్టించుకొనిన సంగతి, ఇంటిలో నెవరికైన క్షయ వచ్చిన సంగతి, అన్నియు జెప్పవలెను. ఇతరుల యెదుట జెప్పుటకు సంకోచమైనచో ఒంటరిగా మాటాడవలెనని కోరుటకు మీకు హక్కు గలదు. గర్భము తీయించుకొనిన స్త్రీ పేరును, వివరములను చట్ట మధికార మిచ్చినవారికి దక్క నన్యులకు వెల్లడింపరాదని 2021 నాటి చట్టసవరణము విధించినది. వెంటబోయిన పెద్దలును, వైద్యురాలు తలుపు వేసినపుడు అలుగక, వెలుపల నోర్పుతో గూర్చుండుట నేర్వవలెను.

కాగితము చేతికి వచ్చినపుడు నాలుగు ప్రశ్న లడుగుడు. చుక్కలు ఏ పొరయందున్నవి? ఎంత పరిమాణముగలవి? నా పూర్వచరిత్రనుబట్టి కారణమేమై యుండును? ఏమియు చేయకున్నచో నష్టమేమి? కోశము తీయవలెనని యెవరైన చెప్పినచో మఱియొక వైద్యురాలి యభిప్రాయమును దెలిసికొనక సంతకము చేయకుడు.

ఆ పిల్లకు భాద్రపద మాసమున హిస్టరోస్కోపుతో రెండు తునుకలు తీసిరి. ఒక్కొక్కటి వేలిగోరు పొడవు లేదు; ఈనెపుల్లవలె సన్నముగా నున్నవి. అవియే ఆఱేండ్ల సంసారమున నాలుగేండ్ల కన్నీటికి మూలము. పరీక్షలో క్షయ లేదని తేలినది. ఇప్పటికి మూడు నెలలైనది. ముట్టునొప్పి తగ్గినది. గర్భము నిలిచినదా యని చదువరు లడుగుదురు, ఇంకను లేదు. నిలువవచ్చునని వైద్యురాలు చెప్పినది, తొందరపడవలదనియు జెప్పినది.

కాని జరిగిన దొకటి చెప్పెదను. శస్త్రమైన నాటి సాయంకాలము, ఎవరును బలవంతపెట్టకయే, ఆ పిల్ల అత్తగారికి పాత సంగతి నంతయు తన నోటనే చెప్పెను. ఆమె కేకలు వేయునేమోయని నేను భయపడితిని. ఆమె చాలసేపు మాటాడలేదు. పిమ్మట, "నాలుగు నెలల కడుపు పోయినపుడు నీ దగ్గఱ ఎవ్వరును లేకపోయిరా, తల్లీ! నాకు జెప్పియుండినచో రెక్కలు కట్టుకొని వచ్చియుందును గదా" అని కన్నుల నీరు పెట్టుకొనెను.

మఱునాటి యుదయము నేను బోవునప్పటికి వంటయింటిలో పొయ్యిమీద రాగిజావ ఉడుకుచుండెను. అందులో మజ్జిగ కలిపి, లోటాతో కోడలి చేతికి తానే యందించుచు, "చల్లాఱకముందే త్రాగుము" అనుచుండెను అత్తగారు.